"గేమే కదా, చెరిపేసి మళ్ళీ మొదలుపెట్టుకోండి" అనేవాళ్ళకి

నిన్న రాత్రి మా పిల్లలిద్దరి మధ్య పెద్ద గొడవ. మావాడికి 13, పాపకి 8. ఇద్దరికీ కలిపి ఒకటే నింటెండో స్విచ్ (గేములాడే కన్సోల్), అందులో యానిమల్ క్రాసింగ్: న్యూ హొరైజన్స్ అనే, మన దీవిని మనమే తీర్చిదిద్దుకునే గేము. వాడు రెండేళ్ళుగా పెంచుకుంటున్న దీవి అది. ఏ చెట్టు ఎక్కడ నాటాలో ముందు కాగితం మీద గీసుకుని మరీ నాటాడు. పాప ఈమధ్యే మొదలుపెట్టింది. వారం తిరక్కుండానే దానికి సంగతి అర్థమైపోయింది. వంతెన ఎక్కడ వెయ్యాలో తను చెప్పడానికి లేదు. దుకాణం ఎక్కడ పెట్టాలో చెప్పడానికి లేదు. ముందు దిగినవాళ్ళే ఆ దీవికి పెద్ద. తర్వాత వచ్చినవాళ్ళు ఇల్లు కట్టుకోవచ్చు, పూలు పెంచుకోవచ్చు, అంతే.

"నాకు నా దీవి కావాలమ్మా" అంది. న్యాయమే కదా. కానీ ఒక కన్సోల్‌కి ఒక్కటే దీవి. కొత్తది కావాలంటే సెట్టింగ్స్‌లోకి వెళ్ళి పాత సేవ్, అంటే అప్పటిదాకా దాచుకున్న ఆట, మొత్తం డిలీట్ చెయ్యాలి. ఒకే దీవిలో 8 మంది దాకా ఇళ్ళు కట్టుకోవచ్చు. ఆ ఎనిమిది ఇళ్ళూ ఒక్క నొక్కుతో పోతాయి.

మావారు పక్కనే కూర్చుని, "గేమే కదరా, చెరిపేసి ఇద్దరూ కలిసి మళ్ళీ మొదలుపెట్టుకోండి, దీనికింత రాద్ధాంతమా" అన్నారు. ఆయన మంచికే అన్నారు. కానీ ఆ మాట వినగానే నాకు ఒళ్ళు మండింది. రాత్రంతా నిద్ర పట్టలేదు. ఎందుకు మండిందో ఇక్కడ చెప్పుకుంటాను, పొడుగైనా ఓపిగ్గా చదవండి.

నాకు పన్నెండేళ్ళప్పుడు మా ఇంట్లో ఒక గేమ్ బాయ్ (చేతిలో పట్టుకుని ఆడే కన్సోల్), ఒకే ఒక్క గేము కార్ట్రిడ్జ్ ఉండేవి. పోకెమాన్ రెడ్. పోకెమాన్లనే వింత జీవుల్ని పట్టుకుని, పెంచి, పోటీకి దించే గేము, వెంట ఒకేసారి ఆరింటిని తిప్పుకోవచ్చు. ఆడేది ఇద్దరం, నేనూ మా తమ్ముడూ. సేవ్ స్లాట్ మాత్రం ఒక్కటే, అది నాది. ఆ గేములో ఒక సంగతి ఉంది, ఆడినవాళ్ళకి తెలిసే ఉంటుంది. న్యూ గేమ్ నొక్కినంత మాత్రాన పాతది పోదు. కొత్త ఆటలో సేవ్ చేస్తేనే పాతది చెరిగిపోతుంది. కాబట్టి తమ్ముడికి నేనొక రూలు పెట్టాను: "రోజూ నీ వంతు వచ్చినప్పుడు న్యూ గేమ్ ఆడుకో, సేవ్ మాత్రం చెయ్యకు."

వాడు అలాగే ఆడాడు. రోజూ మొదటి పోకెమాన్‌గా స్క్విర్టిల్‌ని ఎంచుకునేవాడు. రోజూ దానికి అదే పేరు పెట్టేవాడు. అడవి దాటి మొదటి బ్యాడ్జ్ (గెలుపుకి ఇచ్చే పతకం) దాకా వచ్చేసరికి వాడి టైమ్ అయిపోయేది. గేమ్ బాయ్ ఆపేసి నా చేతికిచ్చేవాడు. మర్నాడు మళ్ళీ మొదటి పోకెమాన్ ఇచ్చే ఆ ప్రొఫెసర్ ముందు నిలబడి, మళ్ళీ స్క్విర్టిల్. ఎండాకాలం సెలవులన్నీ ఇలాగే గడిచాయి. ఒక్కరోజు కూడా సేవ్ నొక్కలేదు వాడు. ఎనిమిదేళ్ళ పిల్లాడు! నా 168 గంటల ఆటని కాపాడటానికి వాడు తన ఆటని రోజూ సాయంత్రం చంపుకున్నాడు. నాకది అప్పట్లో పట్టనే లేదు. ఇప్పుడు తలుచుకుంటే గుండె పట్టేస్తుంది.

ఓ రోజు పొద్దున వాడు నిద్రలేచి, "అక్కా, కలలో నా స్క్విర్టిల్ పెద్దదైపోయింది" అన్నాడు. ఆ మాటతో నేను పడిపోయాను. చెరిపేద్దాం అన్నాను.

చెరిపే ముందు నా ఆరింటినీ బతికించుకోవాలనుకున్నాను. క్లాసులో ఒకబ్బాయి దగ్గర దీని జంట గేము, పోకెమాన్ బ్లూ ఉండేది. రెండు గేమ్ బాయ్‌లకీ లింక్ కేబుల్ తగిలించి నా ఆరు పోకెమాన్లనీ వాడి గేములోకి పంపించాను. ట్రేడ్ అంటే ఒకటిచ్చి ఒకటి పుచ్చుకోవడమే, ఊరికే పంపడం ఉండదు. వాడు నాకు పనికిరాని ఆరు పిడ్జీలూ రాటాటాలూ ఇచ్చాడు. అవి ఎలాగూ చెరిగిపోయేవేనని ఇద్దరికీ తెలుసు. తర్వాత న్యూ గేమ్. పేరు దగ్గరికి వచ్చేసరికి తమ్ముడు ఆగాడు. ఏడు అక్షరాలే పడతాయి అక్కడ. వాడు తన పేరు కొట్టలేదు, నా పేరు కొట్టాడు. "నీ పేరు పెడితే జ్వాల మనల్ని గుర్తుపడుతుంది కదక్కా" అన్నాడు.

జ్వాల అంటే నా చారిజార్డ్, నిప్పులు కక్కే పోకెమాన్. లెవెల్ 74.

సేవ్ నొక్కితే, పాత ఫైలు చెరిగిపోతుంది, సరేనా అని అడిగింది గేము. ఒక్క లైను. ఎవరి ఫైలో, ఎన్ని గంటలదో, ఏమీ చెప్పలేదు. సరే అన్నాం. అయిపోయింది.

ఇక జ్వాలని వెనక్కి తెచ్చుకోవాలి. పోకెడెక్స్ (పోకెమాన్ల వివరాలు చూపే యంత్రం) చేతికొచ్చేదాకా కేబుల్ దగ్గర ట్రేడ్ చెయ్యనివ్వరు. ఆటలో విరిడియన్ అనే ఊరి దుకాణంలో పార్సిల్ తీసుకుని, వెనక్కి ప్యాలెట్ టౌన్‌కి వెళ్ళి ప్రొఫెసర్ ఓక్‌కి ఇచ్చి, పోకెడెక్స్ తీసుకుని, మళ్ళీ విరిడియన్‌కి నడవాలి. తమ్ముడు పరుగున చేశాడు అదంతా. ఆ అబ్బాయి ఇంటికెళ్ళే టైమ్ అవుతోంది. ఇవ్వడానికి మా దగ్గర అప్పటికి పట్టుకున్న పిడ్జీ ఒక్కటే ఉంది. అందుకని జ్వాలని ఒక్కదాన్నే తెచ్చుకున్నాం. మిగతా ఐదూ నిదానంగా తెచ్చుకుందాంలే అనుకున్నాం.

వెంటనే గడ్డిలోకి తీసుకెళ్ళాం. ఎదురుగా లెవెల్ 3 పిడ్జీ. దాడి చెయ్యమన్నాం. జ్వాల కునుకు తీసింది. మళ్ళీ చెప్పాం. మొహం తిప్పుకుంది. మళ్ళీ చెప్పాం. దిక్కులు చూస్తూ నిలబడింది. తమ్ముడు నా మొహంలోకి చూశాడు, తనేదో తప్పు చేసినట్టు.

కారణం ఆ తర్వాత ఎన్నాళ్ళకో తెలిసింది. గేము మన పేరుని చూడదు. ప్రతి కొత్త ఆటకీ ఒక అయిదంకెల ఐడీ నంబర్ పుడుతుంది. పోకెమాన్ మీద ఆ నంబరే ముద్ర పడుతుంది. పాత ఫైలుతో పాటు పాత నంబరూ పోయింది. కొత్త నంబరు దృష్టిలో జ్వాల ఎవరి దగ్గర్నుంచో వచ్చిన పరాయి పోకెమాన్. బ్యాడ్జ్‌లు లేనివాళ్ళ మాట అలాంటివి లెవెల్ 10 దాటితే సరిగ్గా వినవు. రెండో బ్యాడ్జ్ వస్తే 30 దాకా, నాలుగోది వస్తే 50 దాకా, ఆరోది వస్తే 70 దాకా. జ్వాల 74 కాబట్టి మొత్తం 8 బ్యాడ్జ్‌లూ కావాలి. నేను అక్షరం అక్షరం పేరు పెట్టి, ఒక్కో లెవెలూ పెంచిన జీవికి నేనెవరో తెలియకుండా పోయింది.

మిగతా ఐదింటి సంగతీ చెప్పేస్తాను. బడి తెరిచాక ఆ అబ్బాయిని అడిగితే, తనూ కొత్త ఆట మొదలుపెట్టేశానన్నాడు. వాడికీ ఒక్కటే స్లాట్. పాపం వాడికి నిజంగానే గుర్తులేదు.

ఇప్పుడు చెప్పండి, గేమే కదా అంటే నాకెందుకు మండుతుందో.

మొదటినుంచి ఆడాలనుకోవడం తప్పు కాదు. అది చాలా మంచి కోరిక. పోకెమాన్ రెడ్‌లో బల్బసార్, చార్మాండర్, స్క్విర్టిల్, ఈ మూడింటిలో ఒకటే ఇస్తారు. మిగతా రెండింటితో దారి ఎలా ఉంటుందో చూడాలని ఎవరికుండదు? 1993లో గేమ్ బాయ్ మీద వచ్చిన జెల్డా, లింక్స్ అవేకనింగ్, ఎన్నిసార్లు చచ్చిపోయామో ఫైలు పక్కనే లెక్క చూపిస్తుంది. ఒక్కసారి కూడా చావకుండా పూర్తిచేస్తే చివర్లో వేరే దృశ్యం కనబడుతుంది. దానికోసం మళ్ళీ మళ్ళీ మొదలుపెట్టినవాళ్ళున్నారు. ఎంత బావుంటుందో అలా ఆడటం. కానీ ఒక్కటి గమనించండి: ఆ జెల్డాలో మూడు ఫైళ్ళుండేవి. అన్నయ్యకొకటి, చెల్లికొకటి, మరొకటి ఇంకోసారికి. మొదలుపెట్టాలంటే ఎవరినీ తుడిచెయ్యక్కర్లేదు.

కొత్తది మొదలుపెట్టడానికి పాతదాన్ని వెలగా ఎందుకు కట్టాలి? నా బాధంతా ఇదే.

అప్పట్లో చోటు చాల్లేదంటే వింటాను. రెడ్ కార్ట్రిడ్జ్‌లో సేవ్‌కి ఉన్న మెమరీ 32 కిలోబైట్లు. అందులో మన ఆరు పోకెమాన్లు, పెట్టెకి 20 చొప్పున 12 పెట్టెలు, సంచిలో సామాను, అన్నీ సర్దాలి. దాన్ని బతికించేది చొక్కా బొత్తాం అంత బ్యాటరీ, అది అయిపోతే సేవ్ కూడా పోతుంది. సరే, ఒప్పుకుంటాను. మరి 2017లో వచ్చిన స్విచ్‌లో లోపలి మెమరీ 32 గిగాబైట్లు. పది లక్షల రెట్లకి పైమాటే. అయినా 2019లో వచ్చిన పోకెమాన్ స్వోర్డ్, షీల్డ్‌లలో ఒక ప్రొఫైల్‌కి ఒక్కటే సేవ్. కనీసం వేరే ప్రొఫైల్ పెట్టుకుంటే వేరే ఆట వస్తుంది. యానిమల్ క్రాసింగ్‌లో అదీ లేదు, ఎన్ని ప్రొఫైళ్ళు పెట్టినా అదే దీవి. 2020 నాటి గేము ఇది. ఒక ఇంట్లో ఇద్దరు పిల్లలుంటారని తయారుచేసినవాళ్ళకి తెలియదంటే నేను నమ్మను.

దీనికి రెండో కొస కూడా ఉంది. 2011లో 3డీఎస్ అనే నింటెండో చేతి కన్సోల్ మీద క్యాప్‌కామ్ వాళ్ళ రెసిడెంట్ ఈవిల్: ది మెర్సినరీస్ 3డీ వచ్చింది. అందులో సేవ్‌ని అసలు చెరపడానికే వీల్లేదు. కొన్నవాడు ఒకసారి అన్నీ సాధించేస్తే ఆ కార్ట్రిడ్జ్‌లో అవి అలా ఉండిపోవాల్సిందే. తమ్ముడికిచ్చినా, పాతదిగా అమ్మినా, వాళ్ళకి మొదటి అడుగు అనేదే ఉండదు. జనం గట్టిగా అరిచారు, అరవాల్సిందే. చెరిపితే తప్ప మొదలుపెట్టనివ్వకపోవడం, చెరపనివ్వకుండా మొదలే లేకుండా చెయ్యడం, రెండూ నాకు ఒకలాంటి అన్యాయంగానే కనిపిస్తాయి. ఆ ఆట ఎవరిదో వాళ్ళ చేతికి ఇవ్వకపోవడమే రెండింట్లోనూ జరిగింది.

పాత యానిమల్ క్రాసింగ్, 3డీఎస్‌లో వచ్చిన న్యూ లీఫ్, ఈ విషయంలో కాస్త నయం. 2016లో ఇచ్చిన అప్‌డేట్ తర్వాత, ఊరిని వదిలి కొత్తది మొదలుపెడతానంటే ఆటలోని ఇళ్ళ వ్యాపారి టామ్ నూక్ ఆ పాత ఊరిని నేను కొంటానంటాడు. దానికి వెలకట్టి డబ్బిస్తాడు. ఊరు పోతుంది, నిజమే. కానీ నువ్వు ఇన్నాళ్ళు కట్టుకున్నదానికి ఒక విలువుంది అని ఒక్కసారైనా పైకి అంటాడు. ఆ మాత్రం మర్యాద కూడా ఇప్పటి డిలీట్ బటన్‌కి లేదు.

ఇక పెద్దవాళ్ళకి ఒక మాట. మార్కులు తగ్గాయని, మాట వినలేదని, "నీ గేమ్ డిలీట్ చేసేస్తా" అని బెదిరించేవాళ్ళని చూశాను. నిజంగా చేసేసినవాళ్ళనీ చూశాను. దయచేసి ఆ పని చెయ్యకండి. గేమ్ లాక్కోండి, బీరువాలో పెట్టి తాళం వెయ్యండి, నెల రోజులు ఇవ్వకండి, నేనేమీ అనను. పిల్లలు మూడునెలలు కూర్చుని గీసిన బొమ్మల పుస్తకాన్ని శిక్షగా చింపేస్తారా? చింపరు కదా. ఇదీ అలాంటిదే. తెర మీద కనబడుతుంది కాబట్టి మీకు అది వస్తువులా అనిపించడం లేదు. పిల్లలకి అందులో ప్రతి చెట్టూ ఎప్పుడు నాటారో గుర్తుంటుంది.

పిల్లలు వాళ్ళంతట వాళ్ళే చెరుపుతామంటే మాత్రం ఆపకండి. కాకపోతే పక్కన కూర్చోండి. ఏముందో ఒకసారి చూపించమనండి, ఎవరెవరి పేర్లు పెట్టారో అడగండి, కావాలంటే ఫోటోలు తీసుకోండి. పాత పోకెమాన్ అయితే సేవ్ చెయ్యకుండా ఓ గంట కొత్త ఆట ఆడి చూడమనండి, మనసు మారితే గేమ్ బాయ్ ఆపేస్తే చాలు. ఆ తర్వాత వాళ్ళ చేత్తో వాళ్ళనే నొక్కనివ్వండి.

మా ఇంట్లో ఇంకా ఏదీ చెరపలేదు. ఇవాళ పొద్దున బడికి వెళ్ళేముందు మావాడు పాపని పిలిచి, ఈసారి వంతెన ఎక్కడ వెయ్యాలో చెప్పు, నేను వెళ్ళి కట్టిస్తాను అన్నాడు. అది వేలు పెట్టి చూపించింది. వాడికి ఆ చోటు నచ్చలేదని మొహంలో తెలుస్తూనే ఉంది. అయినా అక్కడే కట్టించాడు. ఇది పరిష్కారం కాదు, నాకు తెలుసు. దానికి దాని దీవే కావాలి.

జ్వాల సంగతి చెప్పలేదు కదూ. తమ్ముడు ఆ ఆట వదల్లేదు. వాడి స్క్విర్టిల్ పెద్దదైంది. జ్వాలని ఒక్కసారి కూడా పెట్టెలో పడెయ్యలేదు, మాట వినకపోయినా ఆరింటిలో ఒకటిగా వెంట తిప్పుకున్నాడు. ఆఖరి బ్యాడ్జ్ దొరికేది విరిడియన్‌లోనే, మేము కేబుల్ తగిలించిన ఆ ఊళ్ళోనే. ఆ బ్యాడ్జ్ వచ్చిన సాయంత్రం వాడు ఊరి బయట గడ్డి దాకా నడిపించి, గేమ్ బాయ్ నా చేతిలో పెట్టి, "నువ్వు చెప్పక్కా" అన్నాడు. ఎదురుగా మళ్ళీ ఒక చిన్న పిడ్జీ. మంట కక్కే దాడి, ఫ్లేమ్‌త్రోవర్ నొక్కాను. చెప్పిన మొదటిసారే చేసింది.