చదివి వినిపించని కార్డు

శ్రీకాకుళం జిల్లా పైడిభీమవరం పారిశ్రామికవాడలో రాత్రి షిఫ్టు దిగి బస్సు కోసం నిలబడిన కాంట్రాక్టు కార్మికులను ఈఎస్‌ఐ (కార్మికుల ఆరోగ్య బీమా) కార్డు ఉందా అని అడిగితే, ఉందన్న మాట వెంటనే వస్తుంది. చూపించమంటే మాత్రం అది కాంట్రాక్టరు దగ్గరో, ఆఫీసు బీరువాలోనో, పగిలిపోయిన పాత ఫోనులోనో ఉందన్న జవాబే తరచు వినవలసి వస్తుంది. జీతంలో ఈఎస్‌ఐ కట్టింగు నెలనెలా ఎంత పడుతున్నదో రూపాయితో సహా చెప్పగల మనిషి, ఆ కట్టింగు తనకు సంపాదించి పెట్టిన కార్డు మీద ఏమి రాసి ఉందో ఎన్నడూ చదివి ఉండడు. కార్డు పోవడం కంటే పెద్ద సమస్య ఇదేనని మేము భావిస్తున్నాము.

పోయిన కార్డును తిరిగి పొందడం నిజానికి ఇవాళ కష్టమైన పని కాదు. పదిహేనేళ్ల కిందట వేలిముద్రలు తీసుకుని, బీమా పొందిన కార్మికుడికి ఒకటి, అతని కుటుంబానికి ఒకటి చొప్పున రెండు స్మార్ట్ కార్డులు ఇచ్చిన రోజుల్లో, ఒకటి పోతే మరొకటి చేతికి రావడానికి నెలలు పట్టేది. ఇప్పుడున్న ఈ-పెహచాన్ కార్డు ఒక ఏ4 కాగితం మాత్రమే. పది అంకెల బీమా నంబరు తెలిస్తే యాజమాన్యం దాన్ని ఎన్నిసార్లయినా అచ్చు తీయవచ్చు, కార్మికుడు తానే ఆన్‌లైన్‌లో తీసుకోవచ్చు, అందుకు ఈఎస్‌ఐ కార్పొరేషన్ పైసా వసూలు చేయదు. ఆ కాగితం కోసం ఒక రోజు కూలీ వదులుకుని, ఆర్టీసీ కాంప్లెక్సు పక్కనున్న నెట్ సెంటర్‌లో అడిగినంత చెల్లించి, పైగా లామినేషన్‌కు మరికొంత ఇచ్చి వస్తున్నవారు ఉన్నారంటే, ఇది ఉచితమన్న సంగతి వారికి ఎవరూ చెప్పకపోవడమే కారణం.

కానీ ఆ కాగితం మీద ఉన్న వివరాలు ఎవరు రాసినవి? పనిలో చేరిన పది రోజుల్లోగా కొత్త కార్మికుడి పేరు నమోదు చేయవలసిన బాధ్యత యాజమాన్యానిది. ఆచరణలో ఆ పని లేబర్ కాంట్రాక్టరు దగ్గరి గుమాస్తాకు చేరుతుంది. అతను ఆధార్ జెరాక్సుల కట్ట ముందు పెట్టుకుని, ఒక్క సాయంత్రంలో ముప్పై నలభై మందిని నమోదు చేసి లేస్తాడు. ఫోను నంబరు గడిలో తన నంబరో, మేస్త్రీ నంబరో వేస్తాడు. ఓటీపీ కోసం ముప్పై మందిని పిలిపించడం కంటే అది తేలిక కదా. కుటుంబ సభ్యుల గడులు ఖాళీగా వదిలేస్తాడు. అతన్ని ఒక్కడినే తప్పుపట్టి ప్రయోజనం లేదు, ఎందుకంటే ఆ వివరాలను కార్మికుడికి చదివి వినిపించాలని అతనికి ఎవరూ చెప్పలేదు, వినిపించాడా లేదా అని ఎవరూ తనిఖీ చేయరు.

ఉత్తరాంధ్రలో ఈ పొరపాట్లకు మన పేర్లు కూడా తోడవుతాయి. పైడితల్లి, అప్పన్న, ముఖలింగేశ్వరుడు, అరసవల్లి సూర్యనారాయణమూర్తి, ఈ దేవతల పేర్లు పెట్టుకోని ఇల్లు శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో అరుదు. ఒక్క ఊళ్లో ఒకే ఇంటిపేరుతో ముగ్గురు అప్పలనాయుళ్లు ఉండవచ్చు. సింహాచలం అన్న పేరు మగవాళ్లకూ ఉంటుంది, ఆడవాళ్లకూ ఉంటుంది; మనిషిని చూడకుండా నమోదు చేసే గుమాస్తా ఆ పేరున్న మహిళను పురుషుడిగా రాసేస్తే ఆశ్చర్యపడనక్కరలేదు. పైడిరాజును ఇంగ్లిష్ అక్షరాల్లో ఒకరు పీ తరువాత వై పెట్టి రాస్తారు, మరొకరు ఏ, ఐ పెట్టి రాస్తారు. ఆధార్‌లో ఇంటిపేరు పూర్తిగా ఉంటుంది, బ్యాంకు పుస్తకంలో పొడి అక్షరం ఉంటుంది, ఈఎస్‌ఐ కార్డులో అది పేరు చివరికి చేరుతుంది. ఇక పుట్టిన తేదీ సంగతి: బడి మొహం చూడని తరానికి ఆధార్ తీసినప్పుడు వయసు అడిగి, జనవరి ఒకటో జూలై ఒకటో వేసిన కార్డులు మన పల్లెల్లో కొల్లలు. ఆధార్‌లో పేరును జీవితకాలంలో రెండుసార్లు, పుట్టిన తేదీని ఒక్కసారి మాత్రమే మార్చుకోనిస్తారు కాబట్టి, ఏ కార్డును ఏ కార్డుకు అనుగుణంగా దిద్దుకోవాలో తెలియక మొదట దొరికినదాన్ని మార్చుకున్నవారు ఆ తరువాత చిక్కుల్లో పడుతున్నారు.

ఇవి అక్షరాల తేడాలే కదా అని తీసిపారేయడానికి లేదు. 2019 జూలై నుంచి ఈఎస్‌ఐకి కార్మికుడి వాటా జీతంలో 0.75 శాతం, యాజమాన్యం వాటా 3.25 శాతం. నెలకు 12,000 రూపాయల జీతం మీద ఇవి 90, 390 రూపాయలు. ఏడాదికి ఒక్కొక్క కార్మికుడి పేరున 5,760 రూపాయలు జమవుతాయి. ఇందుకు ప్రతిగా కార్మికుడికీ కుటుంబానికీ వైద్యం, జబ్బుపడి పనికి పోలేని రోజులకు ఏడాదిలో 91 రోజుల వరకు జీతంలో 70 శాతం, ప్రసూతికి 26 వారాల వేతనం, పనిలో ప్రమాదం జరిగితే మొదటి రోజు నుంచే పరిహారం, ఆ ప్రమాదంలో ప్రాణం పోతే ఆధారపడినవారికి జీతంలో 90 శాతం లెక్కన నెలనెలా భృతి లభించాలి. నెలకు 12,000 తెచ్చుకునే మనిషికి జబ్బు భృతి రోజుకు సుమారు 280 రూపాయలు, 91 రోజులకు పాతిక వేలు దాటుతుంది. రసాయనాల మధ్య పనిచేసే మనిషికి ఇది దానం కాదు, తాను ముందే కట్టిన డబ్బు. కార్డులోని పేరు, ఆధార్‌లోని పేరు, బ్యాంకు ఖాతాలోని పేరు కలవనప్పుడు ఆ భృతే ఆగిపోతుంది. భర్త పోయిన ఇల్లాలి పేరు కుటుంబం గడిలో లేకపోతే, ఆమె తాను ఆయన భార్యనని కాగితాలతో రుజువు చేసుకోవడానికి తిరగవలసి వస్తుంది.

ఇంతకంటే కనిపించని నష్టం రెండు నంబర్ల వల్ల కలుగుతున్నది. ఒక కార్మికుడికి జీవితాంతం ఒకే బీమా నంబరు ఉండాలి. కంపెనీ మారినా, కాంట్రాక్టరు మారినా, రాష్ట్రం మారినా ఆ నంబరే వెంట రావాలి. పాత నంబరు కార్మికుడికి తెలియనందువల్లనో, అడిగే ఓపిక గుమాస్తాకు లేనందువల్లనో కొత్త చోట కొత్త నంబరు పుట్టుకొస్తుంది. ఈఎస్‌ఐ లెక్కలో ఏప్రిల్ నుంచి సెప్టెంబరు వరకు ఒక చందా కాలం (కట్టింగు లెక్కించే ఆరు నెలలు), అక్టోబరు నుంచి మార్చి వరకు మరొకటి. జబ్బు భృతి అందాలంటే ఒక చందా కాలంలో కనీసం 78 రోజులకు చందా జమై ఉండాలి. ఒక కాంట్రాక్టరు దగ్గర 50 రోజులు, మరొకరి దగ్గర 45 రోజులు పనిచేసిన మనిషి 95 రోజులకు చందా కట్టినట్టు. ఆ రోజులు రెండు నంబర్ల కింద చీలిపోతే ఏ నంబరుకూ 78 రావు, మనిషికి పైసా రాదు. అతనికి తాను మోసపోయినట్టు కూడా తెలియదు, ఎందుకంటే కట్టింగు రెండు చోట్లా పడింది.

కార్మికుల వైపు తప్పు లేదని అనడం లేదు. వయసు చాలకనో, కాగితాలు లేకనో అన్నయ్య ఆధార్‌తో, బావమరిది ఆధార్‌తో గేటు పాసు తీసుకునేవారు ఉన్నారు, ఆ సంగతి తెలిసీ పనిలో పెట్టుకునే మేస్త్రీలూ ఉన్నారు. ప్రమాదం జరిగిన రోజున ఆస్పత్రిలో ఉన్న మనిషి ఒకరు, కార్డులో ఉన్న మనిషి మరొకరు అయినప్పుడు ఏ అధికారీ ఏమీ చేయలేడు. ఈ మాట ఊళ్లలో పెద్దలు, కార్మిక సంఘాల నాయకులు నిర్మొహమాటంగా చెప్పాలి.

వలస వెళ్లినవారి సంగతి వేరుగా చెప్పుకోవాలి. ఇచ్ఛాపురం, కంచిలి, సోంపేట, పలాస మొదలుకొని చీపురుపల్లి, బొబ్బిలి వరకు, మగవాళ్లు హైదరాబాద్‌లోనో చెన్నైలోనో పనిచేస్తూ భార్యాపిల్లలను, ముసలి తల్లిదండ్రులను ఊళ్లో ఉంచిన ఇళ్లు లెక్కకు మించి ఉన్నాయి. ఈఎస్‌ఐ నమోదు పత్రంలో ఇటువంటివారి కోసమే ఒక ప్రశ్న ఉంది: కుటుంబ సభ్యులు కార్మికుడితోనే ఉంటున్నారా, లేదంటే ఏ రాష్ట్రంలో, ఏ జిల్లాలో ఉంటున్నారు? ఆ ప్రశ్నకు సరైన జవాబు రాస్తే, చెన్నైలో పనిచేసేవాడి తల్లికి శ్రీకాకుళం జిల్లాలో వైద్యం అందడానికి దారి ఉంటుంది. అక్కడి గుమాస్తాకు మన భాష రాదు, మనవాడికి అతని భాష రాదు. అందరికీ 'తోనే ఉంటున్నారు' అని ఒకే గీత గీసి ముందుకు పోతాడు. ఉద్దానంలో కిడ్నీ జబ్బుతో మంచం పట్టిన తండ్రికి, కొడుకు జీతంలోంచి పోయే డబ్బుతో లభించవలసిన వైద్యం, ఈ ఒక్క గీత వల్ల వెయ్యి కిలోమీటర్ల అవతల డిస్పెన్సరీకి ముడిపడి ఉంటుంది.

తప్పు బయటపడిన తరువాత దిద్దించుకోవడానికి ఎక్కడికి పోవాలి? డిస్పెన్సరీలను, ఈఎస్‌ఐ ఆస్పత్రులను నడిపేది రాష్ట్ర ప్రభుత్వం, కార్డులూ నగదు భృతులూ చూసేది కేంద్రం కింద ఉన్న కార్పొరేషన్. వైద్యం ఖర్చులో ఎనిమిదింట ఏడు వంతులు కార్పొరేషన్ భరిస్తుంది, ఒక వంతు రాష్ట్రం భరిస్తుంది. ఖర్చు పంచుకున్నట్టే బాధ్యతను కూడా పంచుకున్నారు గానీ, ఎవరి వంతు ఎక్కడ ముగుస్తుందో కార్మికుడికి తెలియదు. కార్డు చెల్లలేదని డిస్పెన్సరీలో చెబితే బ్రాంచి కార్యాలయానికి పోవాలి. యాజమాన్యం సంతకం, ముద్ర లేనిదే దిద్దలేమని అక్కడ చెబితే ఫ్యాక్టరీ గేటుకు రావాలి. కాంట్రాక్టు మారిపోయిందని గేటు దగ్గర చెబితే పాత కాంట్రాక్టరును వెతకాలి. అప్పటికీ తేలకపోతే విశాఖలోని ఉప ప్రాంతీయ కార్యాలయం ఉంది. పడకల వైద్యానికి మల్కాపురం ఈఎస్‌ఐ ఆస్పత్రి ఉన్నదీ విశాఖలోనే. ఇచ్ఛాపురం నుంచి విశాఖ రెండు వందల కిలోమీటర్లకు పైమాటే. 2007లో ఆరోగ్యశ్రీని మొదట ప్రయోగించి చూసిన మూడు జిల్లాల్లో శ్రీకాకుళం ఒకటని ఇక్కడ గుర్తుచేయక తప్పదు. పేదవాడి కార్డును ఆస్పత్రిలోనే చూసి, అక్కడే సరిచూసే పద్ధతి ఈ జిల్లాకు కొత్తది కాదు.

పది మందికి తక్కువ పనిచేసే చోట్ల, ఇళ్లలో జీడిపిక్కలు కొట్టే మహిళలకు, చేపలవేటకు గుజరాత్ తీరానికి పోయే మత్స్యకారులకు సాధారణంగా ఈఎస్‌ఐ అందడం లేదు. వారికి, అసంఘటిత కార్మికుల నమోదు కోసం 2021 ఆగస్టులో మొదలైన ఈ-శ్రమ్ కార్డు ఉంది. అందులో కూడా ఫోను నంబరు మారితే ఓటీపీ రాదన్న చిక్కే ఎక్కువ.

2025 నవంబరు 21న అమల్లోకి వచ్చిన కార్మిక కోడ్‌లు ప్రతి కార్మికుడికీ నియామక పత్రం ఇవ్వాలని చెబుతున్నాయి. ఆ పత్రం మీద బీమా నంబరు, కార్డులో ఉన్న పేరు, కుటుంబ సభ్యుల పేర్లు, ఎంచుకున్న డిస్పెన్సరీ తెలుగులో ముద్రించి, చదివి వినిపించినట్టు కార్మికుడి సంతకమో వేలిముద్రో తీసుకోవాలని కార్మిక శాఖ ఆదేశించడానికి కొత్త చట్టం అవసరం లేదు. కొత్త నంబరు ఇచ్చేముందు అదే ఆధార్ మీద పాత నంబరు ఉందేమో చూసి, ఉంటే కొత్తది పుట్టకుండా ఆపడం, ఇప్పటికే రెండుగా చీలిన ఖాతాలను కార్మికుడు అడగకుండానే కలపడం కార్పొరేషన్ చేయవలసిన పని. కంపెనీ మూతపడినప్పుడు, కాంట్రాక్టరు కనిపించకుండా పోయినప్పుడు, యాజమాన్యం ముద్రకు బదులుగా గ్రామ, వార్డు సచివాలయం ధ్రువీకరణను బ్రాంచి కార్యాలయం అంగీకరించాలి. 2019 అక్టోబరు నుంచి ఊరూరా ఉన్న సచివాలయాల్లో కంప్యూటరు ఉంది, ప్రింటరు ఉంది, ఆ కుటుంబాన్ని ఎరిగిన సిబ్బంది ఉన్నారు. ఈఎస్‌ఐ తమ శాఖ కాదని సచివాలయ సిబ్బంది, సచివాలయం తమది కాదని కార్పొరేషన్ అధికారులు అనుకుంటూ కూర్చున్నంత కాలం నెట్ సెంటర్ల గిరాకీకి లోటుండదు.

దిద్దుబాటు శిబిరాలు పెట్టేటప్పుడు అధికారులు తేదీలు చూసుకోవాలి. పనిదినాల్లో ఉదయం పదకొండు గంటలకు కలెక్టరేట్‌లో పెట్టే శిబిరానికి షిఫ్టులో ఉన్న కార్మికుడు రాలేడు, హైదరాబాద్‌లో ఉన్నవాడు అసలే రాలేడు. పైడితల్లమ్మ సిరిమానోత్సవానికి, సంక్రాంతికి ఈ రెండు జిల్లాల వలస కార్మికులు ఇళ్లకు చేరతారు. పండగ సెలవుల్లో పనిచేసిన సిబ్బందికి తరువాత సెలవు ఇవ్వవచ్చు. వచ్చే సంక్రాంతికి భోగి ముందు రెండు రోజులు, ముక్కనుమ తరువాత రెండు రోజులు, ఇచ్ఛాపురం, పలాస, చీపురుపల్లి, విజయనగరం రైల్వే స్టేషన్ల దగ్గర ఒక్కొక్క బల్ల వేసి, ఒక కంప్యూటరు పెట్టి, రైలు దిగే మనిషినీ ఎక్కే మనిషినీ పిలిచి, అతని కార్డులో ఏమి రాసి ఉందో తెలుగులో చదివి వినిపించవలసిందిగా రెండు జిల్లాల కలెక్టర్లను, ఈఎస్‌ఐ కార్పొరేషన్ అధికారులను కోరుతున్నాము.