వకీలు నిబంధనను పక్కన పెట్టిన పూట

2018 మే 3. స్వీడన్‌లోని హాల్మ్‌స్టాడ్‌లో ప్రపంచ టీమ్ టేబుల్ టెన్నిస్ పోటీలు జరుగుతున్నాయి. మహిళల క్వార్టర్ ఫైనల్లో ఉత్తర కొరియాకు దక్షిణ కొరియా ఎదురుపడింది. రెండు జట్ల అమ్మాయిలూ బల్ల దగ్గరకొచ్చారు. ఒక్క సర్వీసు కూడా పడలేదు. చేతులు కలిపారు, కౌగిలించుకున్నారు, కలిసి ఫొటో దిగారు. ఆ మ్యాచ్ లేదని, ఇకపై ఇద్దరూ ఒకే కొరియా జట్టుగా సెమీస్ ఆడతారని ప్రకటన వచ్చింది.

టోర్నీ మధ్యలో ఎదురెదురుగా ఆడాల్సిన రెండు జట్లు కలిసిపోయి ముందుకెళ్లొచ్చని ఏ నిబంధనా చెప్పదు. మన ఊరి కబడ్డీ పోటీల్లో అలా చేసినా గొడవైపోతుంది. దానికి సరేనన్నది వృత్తిరీత్యా లాయరు. పేరు థామస్ వైకర్ట్. జర్మనీలోని లింబర్గ్‌లో న్యాయవాది, అప్పటికి అంతర్జాతీయ టేబుల్ టెన్నిస్ సమాఖ్య (ఐటీటీఎఫ్) అధ్యక్షుడు. నిబంధన మారిన మాట నిజమేనని ఆయనే ఒప్పుకున్నారు. రెండు దేశాల మధ్య శాంతికి ఇదొక సంకేతం కాబట్టి చేశామన్నారు. విషయం చెప్పగానే సమాఖ్య బోర్డు సభ్యులు లేచి నిలబడి చప్పట్లు కొట్టారు.

ఆ చప్పట్ల దగ్గర నాకు చిన్న ఇబ్బంది ఉంది. సెమీస్‌లో ఆ జట్టు మీద ఆడాల్సింది జపాన్. రాత్రికి రాత్రి ఎదుటి జట్టు బలం రెట్టింపైతే ఎవరికైనా టెన్షనే. కసుమి ఇషికావా ఎదురుగా నిలబడింది ఉత్తర కొరియా డిఫెండర్ కిమ్ సాంగ్ ఇ. రెండేళ్ల కిందట రియో ఒలింపిక్స్‌లో ఇషికావాను తొలి మ్యాచ్‌లోనే ఇంటికి పంపిన అమ్మాయి. ఈసారి ఐదో గేమ్ దాకా లాగి ఇషికావా గట్టెక్కింది, జపాన్ 3-0తో నెగ్గింది. ఒకవేళ ఓడిపోయి ఉంటే? ఆ నిర్ణయాన్ని ఎవరు ఎలా సమర్థించుకునేవారో తెలియదు. పద్ధతి ప్రకారం చూస్తే అది తప్పే. ఆ హాల్లో నేనుంటే మాత్రం నేనూ లేచి చప్పట్లు కొట్టేవాణ్నే.

ఈ ఆటలో ఇలాంటి పని అంతకుముందూ జరిగింది. 1991లో జపాన్‌లోని చిబాలో ఉమ్మడి కొరియా మహిళలు ఫైనల్లో చైనాను ఓడించారు. దాని వెనక అప్పటి ఐటీటీఎఫ్ అధ్యక్షుడు, మాజీ ప్రపంచ చాంపియన్ ఇచిరో ఒగిమురా ఉన్నారు. ఆయన రెండు కొరియాలకూ ఎన్నోసార్లు తిరిగి, ఒప్పించి, పోటీలు మొదలవకముందే జట్టును తయారు చేయించారు. వైకర్ట్ విషయంలో అంతా ఒక్క రాత్రిలో అయిపోయింది. పైగా పన్‌మున్‌జోమ్‌లో ఇద్దరు కొరియా నేతలు కలిసి అప్పటికి వారమే అయింది, గాలి అటే వీస్తోంది. లాయరు అనగానే సెక్షన్లు వల్లించే మనిషే మన కళ్లముందు మెదులుతాడు. కోర్టు హాలు కన్నా కోర్టు వరండా తెలిసిన వాళ్లకు ఇంకో విద్య కూడా ఉంటుంది. ఎవరి అభ్యంతరం పనిని ఆపుతుందో, ఎవరిది ఆపదో చూసుకుని, అవసరమైన వాళ్లందరి సమ్మతీ తీసుకుని రాజీ కుదర్చడం. హాల్మ్‌స్టాడ్‌లో వైకర్ట్ చేసింది అదే.

ఆయన దారి కూడా అలాంటిదే. 2005 నుంచి జర్మనీ టేబుల్ టెన్నిస్ సంఘానికి అధ్యక్షుడిగా పనిచేశారు. 2014 సెప్టెంబరులో అప్పటి ఐటీటీఎఫ్ అధ్యక్షుడు అదమ్ షరారా తప్పుకోవడంతో ఉపాధ్యక్ష స్థానం నుంచి ప్రపంచ సమాఖ్య పీఠం ఎక్కారు. షరారా హయాంలో బంతి 38 నుంచి 40 మిల్లీమీటర్లయింది, 21 పాయింట్ల గేమ్ 11కు తగ్గింది, చివరికి సెల్యులాయిడ్ బంతి పోయి ప్లాస్టిక్ బంతి వచ్చింది. ఆ కొత్త బంతి మీద ఆటగాళ్ల సణుగుడంతా వైకర్ట్ నెత్తిన పడింది.

2017లో డ్యూసెల్‌డార్ఫ్‌లో ఎన్నిక జరిగింది. ప్రత్యర్థి బెల్జియం దిగ్గజం జాన్ మిషెల్ సేవ్. ఒకప్పటి ప్రపంచ నంబర్ వన్, ఏడు ఒలింపిక్స్ ఆడిన మనిషి. ఖతార్‌కు చెందిన ఖలీల్ అల్ మొహన్నదీ ఓటింగ్‌కు ముందు తప్పుకున్నారు. వైకర్ట్‌కు 118, సేవ్‌కు 90 ఓట్లు వచ్చాయి. బల్ల మీద అయితే సేవ్ ఎడమచేత్తో ఆడినా గెలిచేవాడు. ఓటు వేసేది దేశాల సంఘాలు. వాళ్లతో ఏళ్ల తరబడి కూర్చుని మాట్లాడిన మనిషికే అక్కడ పాయింట్లు పడతాయి.

గెలిచిన నెల తిరక్కముందే చెంగ్డూలో చైనా ఓపెన్ మధ్యలో చైనా అగ్ర ఆటగాళ్లు మా లాంగ్, షు షిన్, ఫాన్ జెండాంగ్ బల్ల దగ్గరకు రాలేదు. తమ చీఫ్ కోచ్ లియు గోలియాంగ్‌ను పక్కకు తప్పించారని నిరసన. ఈ ఆటలో చైనాను గట్టిగా మందలించడం ఎంత కష్టమో వేరే చెప్పక్కర్లేదు. అదే లియు ఏడాదిన్నరలో చైనా సంఘం అధ్యక్షుడై, 2020లో ఐటీటీఎఫ్ సొంత వాణిజ్య సంస్థ వరల్డ్ టేబుల్ టెన్నిస్ (డబ్ల్యూటీటీ) మండలికి అధిపతి అయ్యారు. ఆ సంస్థ బోర్డుకు అప్పట్లో పెద్ద అల్ మొహన్నదీ.

కథ అక్కడే తిరిగింది. టోర్నీలు, టీవీ హక్కులు, స్పాన్సర్లు అన్నీ కంపెనీ చేతికి వెళ్లాయి. 220కి పైగా సభ్య సంఘాలున్న సమాఖ్యకు అధ్యక్షుడైనా, డబ్బు నడిచే చోట వైకర్ట్ మాటకు మునుపటి బరువు లేదు. సొంత కార్యవర్గంతోనే పడలేదు. రాజీ కుదరాలంటే అవతలివాడికి కూడా ఏదో ఒకటి కావాలి. ఆ రోజు హాల్మ్‌స్టాడ్‌లో అందరికీ ఏదో ఒకటి దొరికింది. ఇక్కడ ఆయన దగ్గర ఇవ్వడానికి పెద్దగా ఏమీ మిగల్లేదు. 2021లో ఆయన బరిలో లేరు. నవంబరులో హ్యూస్టన్‌లో స్వీడన్‌కు చెందిన పెట్రా సోర్లింగ్ తొలి మహిళా అధ్యక్షురాలయ్యారు.

లాయర్లు ఈ ఆటలోకి ఇంకో ద్వారం గుండా కూడా వస్తారు. మన దేశంలో అదే చూశాం. క్రీడాకారిణి మణికా బాత్రా పిటిషన్ మీద 2022 ఫిబ్రవరిలో ఢిల్లీ హైకోర్టు జాతీయ టేబుల్ టెన్నిస్ సమాఖ్య కార్యవర్గాన్ని పక్కన పెట్టి, జమ్మూ కశ్మీర్ హైకోర్టు మాజీ ప్రధాన న్యాయమూర్తి గీతా మిట్టల్ నేతృత్వంలో కమిటీని కూర్చోబెట్టింది. కామన్వెల్త్ క్రీడల జట్టు ఎంపిక మీద కూడా కొందరు ఆటగాళ్లు కోర్టు మెట్లెక్కారు. ఆ కమిటీ ఉండగానే బర్మింగ్‌హామ్‌లో మన హైదరాబాద్ అమ్మాయి ఆకుల శ్రీజ, శరత్ కమల్‌తో కలిసి మిక్స్‌డ్ డబుల్స్ స్వర్ణం తెచ్చింది. సంఘం ఎవరి చేతిలో ఉందో పట్టించుకోకుండా ఆడగలగడం కూడా ఒక ప్రతిభే. కానీ ఇంట్లో గొడవ ముదిరాక వకీలును పిలవడం వేరు, ముందే ఇంట్లో ఒక వకీలు ఉండటం వేరు.

ఐటీటీఎఫ్‌లో వైకర్ట్ వెళ్లాక గొడవలేమీ ఆగలేదు. డబ్ల్యూటీటీ టోర్నీలకు రాకపోతే వేసే జరిమానాలు భరించలేక 2024 డిసెంబరులో ఫాన్ జెండాంగ్, చెన్ మెంగ్ ప్రపంచ ర్యాంకింగ్స్ నుంచే తప్పుకున్నారు. ఇద్దరూ అదే ఏడాది పారిస్‌లో ఒలింపిక్ స్వర్ణాలు గెలిచినవాళ్లు. 2025 మేలో దోహాలో సోర్లింగ్ 104-102తో అల్ మొహన్నదీ మీద బయటపడ్డారు. ఆన్‌లైన్‌లో పడిన ఓట్ల మీద అక్కడే పెద్ద రభస జరిగింది.

వైకర్ట్ మాత్రం ఖాళీగా కూర్చోలేదు. హ్యూస్టన్ ఎన్నిక జరిగిన రెండు వారాల్లోపే, 2021 డిసెంబరు 4న వైమార్‌లో జర్మనీ ఒలింపిక్ సమాఖ్య అధ్యక్షుడిగా గెలిచారు. ముందున్న అధ్యక్షుడు భయం పుట్టించే వాతావరణం నడిపారంటూ ఉద్యోగుల పేరుతో ఆకాశరామన్న ఉత్తరం వచ్చిన సంస్థ అది. అక్కడ పెద్ద పని ఒలింపిక్స్‌ను మళ్లీ జర్మనీకి తేవడం. ఈసారి ఒప్పించాల్సింది సంఘాల ప్రతినిధులను కాదు, పన్ను కట్టే జనాన్ని. 2013లో మ్యూనిక్ ఓటర్లు వద్దన్నారు, 2015లో హాంబర్గ్ ఓటర్లూ వద్దన్నారు. 2025 అక్టోబరు 26న మ్యూనిక్‌లో మళ్లీ అడిగితే, దాదాపు మూడింట రెండొంతుల మంది సరేనన్నారు.