దయ్యాల పబ్ వాకింగ్ టూర్ గారికి, సెల్లార్ విషయమై

లండన్,
ఆదివారం.

మహారాజశ్రీ దయ్యాల పబ్ వాకింగ్ టూర్ గారి సముఖమునకు,

శుక్రవారం రాత్రి ఏడు గంటల బ్యాచ్‌లోని ఇద్దరు టికెట్‌దారులు నమస్కరించి వ్రాయునది. ఇక్కడ మేం క్షేమం. ఒకరికి జలుబు, ఒకరికి మోకాళ్ళ నొప్పి, అంతే. అక్కడ మీరూ, మీ దయ్యాలూ, ముఖ్యంగా ఆ మూడో పబ్ కింద సెల్లార్‌లో, అంటే నేలమాళిగలో, ఉన్నావిడా క్షేమమని తలుస్తాం. తలచుకోవడమే కదా మాకు మిగిలింది, చూసింది లేదుగా.

సెల్లార్ సంగతి చివర్లో రాద్దామనుకున్నాను. అప్పటిదాకా ఆగలేకపోతున్నాను.

మీ టికెట్ పేజీలో పెద్ద ఫోటో ఒకటి పెట్టారు. ఇటుక గోడ, అరిగిన మెట్లు, ఒంటి బల్బు, ఆ కింద కటిక చీకటి. దిగే ధైర్యముందా అని పైన ఒక ప్రశ్న. మా బావమరిది తెనాలి నుంచి పది రోజులకని వచ్చాడు. టవర్ బ్రిడ్జి చూపిస్తే బాగుందన్నాడు, బకింగ్‌హామ్ ప్యాలెస్ చూపిస్తే ఊఁ అన్నాడు. ఈ ఫోటో చూసి మాత్రం, "బావా, ఇదొక్కటీ చూపించు. ఇంకేం అడగను" అన్నాడు. కార్తీకమాసం కదరా, పబ్బులేమిటి అంటే, "నేను తాగను, తినను. దయ్యాన్ని చూడ్డానికి పట్టింపేముంది బావా?" అన్నాడు. న్యాయమే.

మనిషికి ఇరవై రెండు పౌండ్లు. రూపాయల్లోకి మార్చొద్దని ఎంత చెప్పినా మార్చాడు. "ఇద్దరికీ కలిపి ఐదు వేలా! ఐదు వేలిస్తే మనవైపు భూతవైద్యుడు దయ్యాన్ని ఇంటికే రప్పించి, మాట్లాడించి, తిరిగి పంపేస్తాడు" అన్నాడు. అది ఇండియా, ఇక్కడ అన్నీ పద్ధతి ప్రకారం ఉంటాయి అని నేనే సర్దిచెప్పాను. ఆ మాట అన్నందుకు నా నోరు ఇంకా చేదుగా ఉంది.

నాలుగు పబ్బులన్నారు. లెక్క చూద్దాం.

మొదటి పబ్‌ని కిటికీలోంచి చూపించారు. లోపల దీపాలు, నవ్వులు, వెచ్చదనం. బయట నవంబరు వానలో పద్నాలుగు మందిమి అద్దానికి మొహాలు ఆనించి నిలబడ్డాం. కిటికీ పక్కన కూర్చున్నావిడ తలెత్తి మమ్మల్ని చూసి ఉలిక్కిపడి, కుర్చీ అవతలికి జరుపుకుంది. ఆ రాత్రి మీ టూర్‌లో ఎవరైనా భయపడ్డారంటే ఆవిడే. ఆవిడ దగ్గర టికెట్ డబ్బులు వసూలు చేసుకున్నారో లేదో కనుక్కోండి.

రెండో పబ్ ఫార్చ్యూన్ ఆఫ్ వార్. గిల్ట్‌స్పర్ స్ట్రీట్‌లో, కాక్ లేన్ మూల మీద. కథ మాత్రం బ్రహ్మాండం, కాదనను. శ్మశానాల్లో శవాలు తవ్వి తెచ్చే దొంగలు అక్కడ ఒక గదిలో బల్లల మీద వాటిని వరసగా పడుకోబెట్టి, ఎవరి సరుకు మీద వాళ్ళ పేరు చీటీ తగిలించేవాళ్ళట. ఎదురుగా ఉన్న సెయింట్ బార్తొలొమ్యూ ఆసుపత్రి సర్జన్లు వచ్చి చూసుకునేవాళ్ళట. మా బావమరిది మెడ సాచి, "మరి పబ్బేది బావా?" అన్నాడు. నేను గైడ్‌ని అడిగాను. 1910లో పడగొట్టేశారు! ఇప్పుడక్కడ ఉన్నది గోడ మీద బొద్దు పిల్లాడి బంగారు రంగు బొమ్మ ఒక్కటే. 1666లో లండన్‌ని కాల్చేసిన మంటలు అక్కడిదాకా వచ్చి ఆగాయని, ఆ అగ్నిప్రమాదానికి కారణం తిండిపోతుతనమనే పాపమని దాని కింద రాసుంది. "మన టికెట్ డబ్బు తిన్నవాళ్ళ బొమ్మ కూడా పక్కన పెట్టాల్సింది" అన్నాడు బావమరిది. ఇంతకీ దయ్యాలున్న పబ్ అని మీరంటే పబ్బే దయ్యమైపోయిందని మేం అర్థం చేసుకోవాలన్నమాట.

అక్కడే, పది అడుగుల దూరంలో, మీ చేతిలో ఉన్న అసలు సరుకు ఉంది. దాన్ని రెండు నిమిషాల్లో చెప్పి పారేశారు. కాక్ లేన్ దయ్యం! 1762. ఆ సందులో పార్సన్స్ అనే చర్చి గుమాస్తా ఇంట్లో రాత్రిళ్ళు గోడల మీద గీకుడు, తట్టుడు. చనిపోయిన ఫ్యానీ అనే ఆమె వచ్చి, తనతో కాపురం చేసిన కెంట్ విషం పెట్టి చంపాడని చెబుతోందన్నారు. ఒకసారి తడితే అవును, రెండుసార్లు తడితే కాదు. ఊరు ఊరంతా విరగబడింది. రాజుగారి తమ్ముడితో సహా పెద్దపెద్దవాళ్ళు ఆ ఇరుకు గదిలో దూరి నిలబడ్డారు. డిక్షనరీ రాసిన శామ్యూల్ జాన్సన్ అంతటివాడు మరికొందరితో కలిసి క్లర్కెన్‌వెల్ చర్చి నేలమాళిగలో ఆమె శవపేటిక దగ్గరికి అర్ధరాత్రి వెళ్ళాడు. పేటిక మీద తడతానని దయ్యం మాటిచ్చింది మరి. తట్టలేదు. చివరికి పార్సన్స్ కూతురు, పన్నెండేళ్ళ పిల్ల, బట్టల్లో చెక్కముక్క దాచుకుని దొరికిపోయింది. అసలు కథేమిటంటే పార్సన్స్ ఆ కెంట్ దగ్గర అప్పు తీసుకుని ఎగ్గొట్టాడు.

పార్సన్స్‌కి రెండేళ్ళ జైలు, నడిబజార్లో మూడుసార్లు మెడా చేతులూ బిగించే బొండకొయ్యలో నిలబెట్టే శిక్ష. బొండలో నిలబడ్డవాణ్ణి జనం కుళ్ళిన గుడ్లతో కొట్టడం ఆనవాయితీ. వీణ్ణి మాత్రం కొట్టలేదు, చందాలు పోగుచేసి ఇచ్చారు. గమనించారా? దయ్యం అబద్ధమని తేలాక కూడా డబ్బులిచ్చారు. మీ వ్యాపారానికి శంకుస్థాపన అక్కడే జరిగింది. అంతటి కులదైవం గుడి ముందు మీ గైడ్ గొడుగు సర్దుకుంటూ గబగబా నాలుగు ముక్కలు చెప్పి, "మూడో పబ్‌కి లేటవుతోంది" అని నడిచేశాడు.

దారిలో గ్రెనడియర్ పబ్ కథ కూడా చెప్పారు. పేకాటలో మోసం చేసి దెబ్బలు తిని చచ్చిన సైనికుడు, వాడి అప్పు తీర్చడానికి వచ్చిపోయేవాళ్ళు సీలింగుకి అతికించే నోట్లు. మంచి కథే. కానీ ఆ పబ్ బెల్‌గ్రేవియాలో కదండీ! ట్యూబ్ రైలు ఎక్కి పోవాల్సినంత దూరం. ఇది తిరుమల కొండ మీద నిలబెట్టి శ్రీశైలం ప్రసాదం గురించి చెప్పినట్టుంది.

ఇక మూడో పబ్. పేరు రాయను. తప్పు ఆ పబ్బువాళ్ళది కాదు.

బయట పేవ్‌మెంట్ మీద, సిగరెట్లు కాలుస్తున్నవాళ్ళ పొగలో మమ్మల్ని నిలబెట్టి మీ గైడ్ గొంతు తగ్గించాడు. కింద సెల్లార్‌లో ఒక స్త్రీ ఉందన్నాడు. పీపాలు వాటంతటవే కదులుతాయన్నాడు. మెట్లు దిగుతుంటే ఉన్నట్టుండి చలి ముట్టుకుంటుంది, అదే ఆమె ఉందన్న గుర్తు అన్నాడు. పీపా బీరు పాడవకూడదని ఏ పబ్ సెల్లార్ అయినా పదకొండు, పన్నెండు డిగ్రీల్లో ఉంచుతారు. మేం నిలబడ్డ చోట ఆరు డిగ్రీలుంది. ఆ లెక్కన ఆవిడ పైకొచ్చి మాతోనే నిలబడుండాలి, పాపం ఆవిణ్ణి కూడా లోపలికి రానివ్వక.

బావమరిది అప్పటికే బూట్ల లేసులు బిగించుకున్నాడు. మెట్లు జారతాయని. ఇంట్లో వాళ్ళకి చూపించాలని ఫోన్‌లో టార్చ్ వెలిగించి రెడీగా పెట్టుకున్నాడు.

గైడ్ లోపలికెళ్ళాడు. బయటికొచ్చాడు. "ఫ్రైడే నైట్ కదా, బాగా బిజీ. సెల్లార్ కుదరదన్నారు. మంగళవారం మధ్యాహ్నం వస్తే చూపించే అవకాశం ఉంటుందట."

మా చిన్నప్పుడు మా ఊళ్ళో తలుపుల మీద, గోడల మీద "ఓ స్త్రీ రేపు రా" అని రాసేవాళ్ళం. రాత్రిపూట ఆడదయ్యం వచ్చి తెలిసిన గొంతుతో పిలుస్తుందని, ఆ రాత చదువుకుని వెనక్కి పోతుందని, మర్నాడొచ్చి మళ్ళీ అదే చదువుకుని మళ్ళీ పోతుందని నమ్మకం. అక్షరం ముక్క రాని మా నాయనమ్మ కూడా పక్కింటి కుర్రాడి చేత బొగ్గుతో రాయించుకుంది. ఆ దయ్యానికి చదువొచ్చా అని ఎవరూ అడగలేదు. పాపం రోజూ అంత దూరం నడిచొచ్చి ఎలా తిరిగెళ్తుందో అని కూడా ఎవరం అనుకోలేదు. శుక్రవారం రాత్రి ఎనిమిదిన్నరకి, నా సాక్సులు తడిసి ముద్దయి ఉండగా, ఆ స్త్రీ బాధ నాకు మొదటిసారి తెలిసింది.

కానీ ఒక్క తేడా ఉంది. ఆమె పిలవకుండా వచ్చేది. మేం ఆమె దగ్గర నలభై నాలుగు పౌండ్లు తీసుకుని, ఫోటో పంపి, దిగే ధైర్యముందా అని రెచ్చగొట్టి, ఆనక రేపు రా అనలేదు!

గైడ్ కుర్రాడి మీద కోపం లేదు. పొడుగు టోపీలోంచి నీళ్ళు కారుతుంటే వాడూ మాలాగే వణుకుతున్నాడు. టికెట్ అడుగున చీమతలకాయంత అక్షరాల్లో "సబ్జెక్ట్ టు అవైలబిలిటీ" అని ఉందని వాడే చూపించాడు. చూశాను. ఇంటికొచ్చి మళ్ళీ చూశాను. నిన్న జూమ్ చేసి చూశాను. ఏమయ్యా, నీకు సిగ్గుందా? సెల్లార్ ఫోటో అంత పెద్దది పెట్టి, సెల్లార్ లేదన్న మాట అంత చిన్నగా రాస్తావా? శుక్రవారం లండన్‌లో పబ్బులు కిటకిటలాడతాయని నీకు తెలీదా? పబ్బుల టూర్ నడిపేవాడివి నువ్వా, నేనా? తెలిసే శుక్రవారం టికెట్లు అమ్మావు. మంగళవారం రమ్మంటావా? సోమవారం పొద్దున్నే మా వాడి ఫ్లైట్. అయినా బావమరిదికి దయ్యాన్ని చూపించలేకపోయాడన్న మాట తెనాలిలో పడితే అది నాకెన్నేళ్ళు అంటుకుని ఉంటుందో నీకేం తెలుసు? దయ్యమైతే నిమ్మకాయకి వదులుతుంది. అత్తారింట్లో మాట వదలదు.

(బాత్రూమ్ గురించి రాయను. రెండు గంటల నడకలో "ముందు ఏదైనా కొనుక్కోండి" అని చెప్పించుకుని, బాత్రూమ్ కోసం నాలుగు పౌండ్ల ఆపిల్ జ్యూస్ కొని, ఆ జ్యూస్ వల్ల మళ్ళీ బాత్రూమ్ వెతుక్కున్న కథ ఇంకో ఉత్తరానికి సరిపోతుంది.)

సరే, ఒక్క మంచి మాట కూడా రాస్తాను. లేకపోతే నాకే బాగోదు.

మొదట్లో సెయింట్ సెపల్కర్ చర్చి దగ్గర ఆగాం కదా. ఎదురుగా ఒకప్పటి న్యూగేట్ జైలు. తెల్లారితే ఉరి తీయబోయే ఖైదీ గది బయట అర్ధరాత్రి చేతిగంట మోగించడానికి 1605లో ఒక వ్యాపారి యాభై పౌండ్లు రాసిచ్చాడని, ఆ గంట ఇప్పటికీ చర్చిలో అద్దాల పెట్టెలో ఉందని మీ కుర్రాడు చెప్పాడు. చర్చి మూసి ఉంది, గంటా చూడలేదు. కానీ చెప్పడం బాగా చెప్పాడు. నాలుగో పబ్‌లో టూర్ అయిపోయాక, ఒళ్ళు వెచ్చబడేదాకా కదలనని మా వాడు సోడా నిమ్మరసం పట్టుకుని మూల కూర్చున్నాడు. పదకొండుకి పది నిమిషాలుందనగా కౌంటర్ వెనక టంగుటంగుమని గంట మోగింది. చివరి ఆర్డర్లు చెప్పుకోండి అని. వాడికి ఆ సంగతి తెలీదు. గ్లాసు ఒణికిపోయింది. నా చెయ్యి పట్టుకుని, "బావా, ఎవరికి?" అన్నాడు.

అది మాత్రం నీ గొప్పే. ఇరవై రెండులో రెండు పౌండ్లు ఉంచుకో.

నిన్న మధ్యాహ్నం మా అత్తయ్య వీడియో కాల్ చేసింది. "ఏరా, దయ్యం కనపడిందా?" అంది. మా వాడు నావైపు ఒకసారి చూసి మొదలుపెట్టాడు. "సెల్లార్‌లోకి దిగామమ్మా. పాతిక మెట్లు. కిందకి పోగానే ఐసుముక్క పెట్టినట్టు చలి. పీపా ఒకటి దానంతటదే దొర్లిందమ్మా, బావ నా వెనకాలే ఉన్నాడు." అత్తయ్య రెండు చేతులూ చెంపల మీద పెట్టుకుని, "నిజమేనా బాబూ?" అని నన్నడిగింది.

నోరు తెరిస్తే అబద్ధం చెప్పాలి. కాక్ లేన్ పద్ధతిలో టేబుల్ మీద ఒక్కసారి తట్టాను.

మిగతా డబ్బులు వెనక్కి పంపు.

ఇట్లు,
మంగళవారం రాలేనివాడు.