గుమ్మందాకా మురుగు
గట్టిగా వాన పడితే చాలు, విజయనగరంలో మా వీధి కాలువ పొంగి మురుగు గుమ్మందాకా వస్తుంది. ఫోన్‌లో ఫిర్యాదు పెట్టాను. మూడో రోజున ‘పరిష్కరించాం’ అని మెసేజ్ వచ్చింది. కాలువలో చెత్త ఎక్కడిదక్కడే ఉంది! ఇంక ఎవరిని అడగాలి?

1992లో 74వ రాజ్యాంగ సవరణ తెచ్చి, పట్టణాల పాలన స్థానికుల చేతికిస్తామన్నారు. కానీ వార్డుల పనులు చూసే వార్డు కమిటీలు తప్పనిసరి అన్నది 3 లక్షలు, ఆపైన జనాభా ఉన్నచోటే. 2011 లెక్కల్లో మా ఊరు అంత లేదు. అయితే మాత్రం మా మాట వినక్కర్లేదా?

విదేశీ పెట్టుబడుల కోసం ఊళ్లు పోటీ పడుతున్న రోజులివి. అందుకోసం వచ్చే పెద్దవాళ్ల కార్లు వెళ్లే రోడ్డుకి రాత్రికి రాత్రే తారు పడుతుంది. ఇక్కడ మా అమ్మ ఇంకా చీపురుతో మురుగునీళ్లు తోస్తూనే ఉంది. పిల్లలకి ఎక్కడ జ్వరాలొస్తాయోనని ఒకటే టెన్షన్.