బార్ట్‌లెట్ గురించి ఒక్క వాక్యమేనా?

అమెరికా స్వాతంత్ర్య ప్రకటనపై సంతకాలు చేసినవారి గురించి మీరు వేసిన వ్యాసం బాగుంది. కానీ జోసయ్యా బార్ట్‌లెట్‌ని "ఒక వైద్యుడు" అని ఒక్క ముక్కలో తేల్చేశారు. మనసు ఒప్పక ఈ నాలుగు మాటలు రాస్తున్నాను.

ఆయన ఏ మెడికల్ కాలేజీలోనూ చదవలేదు. ఓ వైద్యుడి దగ్గర శిష్యరికం చేసి, 1750లో న్యూహాంప్‌షైర్‌లోని కింగ్‌స్టన్ అనే చిన్న ఊళ్లో వైద్యం మొదలుపెట్టారు. ఒకసారి ఆయనకే తీవ్రమైన జ్వరం వచ్చింది. జ్వరానికి చల్లని పానీయాలు పనికిరావని అప్పటి వైద్యుల నమ్మకం. ఆయన మాత్రం చల్లని ఆపిల్ సైడర్ తెప్పించుకుని, కొద్దికొద్దిగా రాత్రంతా తాగారట. తెల్లారేసరికి చెమట పట్టి జ్వరం దిగిందని ఆయన జీవితచరిత్రలో చెబుతారు. ఆ తర్వాత పుస్తకంలో ఉన్నదాని కంటే మంచం మీదున్న మనిషినే చూసి వైద్యం చేశారు. పిల్లల్ని బలి తీసుకుంటున్న గొంతు జబ్బుకి క్వినైన్ తీసే సింకోనా చెట్టు బెరడు వాడారు. నాకు ఆయనలో అన్నిటికన్నా నచ్చేది ఇదే.

1774లో ఇల్లు కాలిపోయింది. అందుకే ఆ ఏడాది అమెరికా వలసల ప్రతినిధుల సభ అయిన కాంటినెంటల్ కాంగ్రెస్‌కు ఎన్నికైనా వెళ్లలేకపోయారు. అదే చోట మళ్లీ ఇల్లు కట్టుకున్నారు. 1776లో స్వాతంత్ర్య ప్రకటన మీద ఆ సభ అధ్యక్షుడు జాన్ హాన్‌కాక్ తర్వాత సంతకం పెట్టింది ఈయనే.

లా చదవకుండానే 1788లో న్యూహాంప్‌షైర్ రాష్ట్ర ప్రధాన న్యాయమూర్తి అయ్యారు, తర్వాత గవర్నర్. అంత పదవిలో ఉండి కూడా 1791లో రాష్ట్ర వైద్య సంఘాన్ని స్థాపించారు. దయచేసి ఈయన మీద విడిగా ఒక వ్యాసం రాయండి.