కాటి సీనులో వన్స్‌మోర్

అయిదేళ్లలో 1,500 కోట్ల డాలర్లతో విశాఖలో ఏఐ హబ్ పెడతామని 2025 అక్టోబరులో గూగుల్ ప్రకటించినప్పటి నుంచి ఊళ్లో ఏ సభకు వెళ్లినా ఒకటే మాట. యంత్రానికి తెలివి వచ్చేసింది, రేపో మాపో చైతన్యమూ వస్తుందట. వస్తుందో రాదో నేను తేల్చలేను. తేల్చేశామనేవాళ్ల మీద నాకు నమ్మకమూ లేదు, ఎందుకంటే మనిషికి అది ఎలా వచ్చిందన్న ప్రశ్నే ఇంకా తెగలేదు. నా ఫిర్యాదల్లా ఆ ప్రశ్నను స్కానింగ్ గదుల్లోనే వెతకడం మీద. మన ఉత్తరాంధ్ర జనం తరాలుగా తెల్లవార్లూ మేలుకుని దాన్ని స్టేజీ మీద చూస్తూనే ఉన్నారు. చూసి, వెనక బెంచీల నుంచి కేక కూడా వేశారు: వన్స్‌మోర్!

కాటి సీను మీకు నేను చెప్పక్కర్లేదు. కొడుకు శవాన్ని మోసుకొచ్చిన భార్యను హరిశ్చంద్రుడు కాటిసుంకం అడుగుతాడు. పద్యం ఎత్తుకుంటాడు, చివర రాగం తీస్తాడు, హార్మోనియం వెంటాడుతుంది. హాల్లో ఆడవాళ్లు కొంగుతో కళ్లు ఒత్తుకుంటుంటే, సరిగ్గా అప్పుడే ఆ కేక పడుతుంది. శోకంలో మునిగిన మహారాజు కన్నీళ్లు తుడుచుకుని అదే పద్యం మళ్లీ మొదట్నుంచి అందుకుంటాడు. చదువుకున్నవాళ్లు దీన్ని తెగ వెక్కిరించారు. భ్రమ చెడిందన్నారు, జనానికి రసజ్ఞత లేదన్నారు, రాగాలు కత్తిరించమన్నారు. వాళ్లతో నాకు రవ్వంత కూడా పొత్తు కుదరదు. మనిషి చైతన్యం ఎలా పనిచేస్తుందో చూపించే గట్టి సాక్ష్యాల్లో ఆ కేక ఒకటి.

ఆ కేక వేసినవాణ్ణి ఒకసారి చూడండి. వాడి కళ్లలో నీళ్లు నిజం. లోహితాస్యుడి వేషం కట్టిన కుర్రాడు సీను అయిపోగానే లేచి తెర వెనక టీ తాగుతాడన్న సంగతి వాడికి తెలియడమూ నిజం. అదే సమయంలో వాడు ఈ రాగాన్ని ఎప్పుడో హరిశ్చంద్ర వేషానికి పేరుపడ్డ డి.వి. సుబ్బారావు తీసిన రాగంతో పోల్చి మార్కులు వేస్తున్నాడు. దుఃఖం, అది తన దుఃఖం కాదన్న ఎరుక, స్వరం మీద తీర్పు మూడూ ఒకే క్షణంలో ఒకే బుర్రలో నడుస్తున్నాయి. ఒకటి రెండోదాన్ని చెరపడం లేదు. తీర్పు ఎంత చురుగ్గా ఉంటే ఏడుపు అంత చిక్కగా వస్తోంది కూడా.

ఇది మన పల్లెల వింతేమీ కాదు. ఇటలీవాళ్లు పాటతోనే నడిచే తమ నాటకం ఒపేరాలో ఇదే కేక వేస్తారు, వాళ్ల మాట 'బిస్'. 1853లో వెనిస్‌లో మొదటిసారి ఆడిన వెర్డి ఒపేరా 'లా ట్రావియాటా'లో నాయిక క్షయతో చనిపోతుంది. ఊపిరితిత్తులు పాడైపోయిన మనిషి మైకు లేకుండా హాలంతా నిండేలా పాడుతుంది, ఎవరూ 'ఇదెలా కుదురుతుంది' అని అడగరు. అక్కడా సంస్కర్తలు వచ్చారు. మిలాన్‌లోని ఒపేరా హాలు లా స్కాలాలో వాద్యబృందాన్ని నడిపే టోస్కానిని బిస్‌లను ఒప్పుకోనన్నాడు. దశాబ్దాలపాటు ఆ కట్టుబాటు నడిచింది. 2007లో అక్కడే టెనర్ (హెచ్చుస్థాయి మగగొంతు) గాయకుడు హ్వాన్ డియేగో ఫ్లోరెజ్ జనం కోరిక మన్నించి ఒక పాటను రెండోసారి పాడితే అది ప్రపంచ వార్త అయింది. మన చింతామణి, హరిశ్చంద్ర నాటకాల ప్రేక్షకుడికి చెబితే నవ్వి ఊరుకుంటాడు.

స్టేజీ మీద ఉన్నవాడి సంగతి ఇంకా విచిత్రం. నిజంగా ఏడుపు వస్తే గొంతులో గాలి దారి తెరుచుకుని బిగుసుకుంటుంది. మింగాలంటే అది మూసుకోవాలి. ఆ రెంటి పెనుగులాటే మనకు ఉండ అడ్డుపడ్డట్టు అనిపించేది. అలాంటి గొంతుతో శ్రుతి నిలవదు. కాబట్టి హరిశ్చంద్రుడు నిజంగా ఏడిస్తే పద్యం చస్తుంది, ఏడవకపోతే పాత్ర చస్తుంది. దుఃఖాన్ని లోపల మండిస్తూనే, దాన్ని జానెడు దూరంలో నిలబెట్టి చూస్తూ పాడాలి. ఆ జానెడు దూరమే చైతన్యం అని నా వాదన. అనుభవించడం జంతువుకీ ఉంది. అనుభవిస్తూ ఆ అనుభవాన్ని చూడటం, చూస్తూ ఆస్వాదించడం మనిషి పని. దానికి కసరత్తుశాల రంగస్థలం.

కాశ్మీరంలో వెయ్యేళ్ల కిందట అభినవగుప్తుడు నాట్యశాస్త్రానికి వ్యాఖ్యానం రాస్తూ దీన్ని ఇంకా సూటిగా పట్టుకున్నాడు. రసానుభవానికి ఏడు విఘ్నాలు చెప్పాడు. వాటిలో ఒకటి, ప్రేక్షకుడు తన సొంత సుఖదుఃఖాల్లో కూరుకుపోయి ఉండటం. ఈఎంఐ టెన్షన్, అత్తగారి మాట, పిల్లాడి ర్యాంకు నెత్తిన పెట్టుకుని హాల్లో కూర్చున్నవాడికి రాముడూ కనపడడు, రావణుడూ కనపడడు. దానికి ఆయన చెప్పిన మందు పాట, వాద్యం, అలంకరించిన నాట్యశాల. సంగీతాన్ని నాటకానికి నగగా కాకుండా, 'నేను, నాది' అనే పట్టు సడలించే పనిముట్టుగా చూశాడాయన. పట్టు సడలినా స్పృహ పోదు, నిద్ర రాదు. ఆ దుఃఖం నాదీ కాదు, పక్కవాడిదీ కాదు, హాలందరిదీ అవుతుంది. ఒపేరా అన్న మాట పుట్టకముందే ఒపేరా ఎందుకు పనిచేస్తుందో చెప్పేశాడు.

రాగం సాగదీయడం మీద కూడా నాకు సైన్సు తోడు దొరికింది. సంగీతం వింటే ఒళ్లు జలదరించేవాళ్ల మెదళ్లను కెనడాలోని మెక్‌గిల్ పరిశోధకులు పరిశీలించి 2011లో ఫలితాలు ప్రచురించారు. మెదడు బహుమతిగా విడుదల చేసే రసాయనం డోపమైన్ రెండు దఫాలుగా విడుదలైంది. జలదరింపు క్షణంలో మెదడులో ఒకచోట, దానికి ముందు ఎదురుచూపులో మరోచోట. అంటే 'ఇదిగో వస్తోంది, వస్తోంది' అన్న ఎదురుచూపుకే మెదడు విడిగా బహుమతి ఇస్తోంది. ఆధార స్వరమైన షడ్జం మీదికి దిగకుండా గాయకుడు పైస్థాయిలో తిరుగుతున్నప్పుడు హాలంతా ఊపిరి బిగబట్టేది అందుకే. రాగాలు కత్తిరించమన్న సంస్కర్తలు సరిగ్గా ఆ భాగాన్నే కత్తిరించమన్నారు.

విజయనగరం సంగీత కళాశాల మొదటి ప్రిన్సిపాల్ ఆదిభట్ల నారాయణదాసు కాలం నుంచీ హరికథదీ ఆ జానెడు దూరం కిటుకే. ప్రహ్లాదుడి కథ మంచి పట్టులో ఉండగా దాసుగారు ఆగి ఒక పిట్టకథ వేస్తారు, జనం పగలబడి నవ్వుతారు, మరుక్షణం మళ్లీ భక్తి. బుర్రకథలో హాస్యగాడూ అంతే.

సరే, ఎదుటివాళ్ల మాటా చెప్పాలి. ఇదంతా మెదడులో రసాయనం, సంగీతం చెవికి మిఠాయి లాంటిది, అది లేకపోయినా మనిషి జాతికి నష్టం లేదనే శాస్త్రవేత్తలున్నారు. మరికొందరు, పాటతో మైమరిచిన గుంపు ప్రమాదమంటారు, ఎన్నికల సభల్లో డీజేలు చూపిస్తారు. రెండోదాంట్లో నిజముంది. కానీ మైమరిచిన గుంపు వన్స్‌మోర్ అనదు. పూనకంలో ఉన్నవాడు తన చిందుకు తాను మార్కులు వేసుకోలేడు.

నాకు అసలు భయం ఫోన్. రీల్ మనం అడగకముందే మళ్లీ తిరుగుతుంది. అడగాలన్న కోరిక పుట్టే వ్యవధి ఇవ్వదు. తిరిగి వచ్చింది కూడా అచ్చం పాతదే. పద్యం రెండోసారి పాడేటప్పుడు గాయకుడు అదే చరణానికి స్వరాల కొత్త మలుపు, అంటే కొత్త సంగతి, వేస్తాడు, మనం పాతదానితో పోల్చుకుంటాం. అక్కడ రెండు మనసులు పనిచేస్తాయి, ఇక్కడ ఒక బొటనవేలు. ఇక మన కార్పొరేట్ హాస్టళ్ల సంగతి. తెల్లవారకముందే లేపి రాత్రి దాకా స్టడీ అవర్లలో కూర్చోబెట్టే చోట పాట లేదు, వేషం లేదు. పదహారేళ్ల పిల్లాడికి తన దుఃఖాన్ని జానెడు దూరం పెట్టి చూసే అభ్యాసం ఎవరూ చేయించరు. ర్యాంకు తగ్గితే దుఃఖం ఒక్కటే మిగులుతుంది, చూసేవాడు ఉండడు. వాళ్లకు కౌన్సిలర్లను పెడతామంటున్నారు, పెట్టండి. దాంతోపాటు ఏడాదికి ఒక్క నాటకం వేయించండి, ప్రతి పిల్లాడికీ ఏదో ఒక వేషం ఇవ్వండి.

ఈ ఊరికి చైతన్యం చర్చ కొత్తేమీ కాదు. డ్యూక్ యూనివర్సిటీలో పనిచేసి వచ్చిన కోనేరు రామకృష్ణారావు 1960ల్లోనే ఆంధ్ర విశ్వవిద్యాలయంలో టెలిపతీ లాంటి అతీంద్రియ విషయాలను పరిశీలించే పారాసైకాలజీ విభాగం పెట్టారు, జీవితమంతా చైతన్యం మీదే రాశారు. టెలిపతీ మీద నాకు గురి లేదు గానీ ఆ ధైర్యం మీద ఉంది. అదే విశ్వవిద్యాలయంలో రంగస్థల కళల విభాగమూ ఉంది. బృందంగా పాడేవాళ్ల గుండెలు ఒకే లయలో వేగం పెంచుకుని తగ్గించుకుంటాయని స్వీడన్‌లోని గోథెన్‌బర్గ్ పరిశోధకులు 2013లో చూపించారు. మనం ఇంకో అడుగు వేయొచ్చు. విశాఖలోని కళాభారతి హాల్లో ఒక రాత్రి హరిశ్చంద్ర వేయించి, ఒప్పుకున్న ప్రేక్షకుల చేతులకు పల్స్ బ్యాండ్లు కట్టి, రాగం షడ్జం మీద దిగేటప్పుడు, వన్స్‌మోర్ పడేటప్పుడు ఏం జరిగిందో రాసుకోవాలి. గూగుల్ ఏఐ హబ్‌కయ్యే ఖర్చులో ఇది లెక్కలోకి రాదు. నాటకం మాత్రం పూర్తి నిడివిలో వేయించండి, హార్మోనిస్టుకు దారిఖర్చులు ముందే ఇవ్వండి.