మనుషుల వల్లే విధానాలు పాడవుతున్నాయి

ఆర్థిక శాస్త్రం పాఠ్యపుస్తకంలో ఒక పెద్దమనిషి ఉంటాడు. ఆయనకు చుట్టపక్కాల్లేరు, ఇరుగుపొరుగు లేరు, మొహమాటం అసలే లేదు. లాభనష్టాల లెక్క తప్ప వేరే ధ్యాస ఉండదు. ఆయన్ని నమ్ముకునే దేశదేశాల్లో పన్నులూ, జరిమానాలూ, ప్రోత్సాహకాలూ రాస్తుంటారు. అలాంటి నిఖార్సైన పౌరుడికి మామూలు జనం చేస్తున్న అన్యాయం మీద ఎవరో ఒకరు నోరు విప్పాలి కదా.

మొదటి ఫిర్యాదు ఇజ్రాయెల్‌లోని హైఫా నగర తల్లిదండ్రుల మీద. అక్కడి శిశు సంరక్షణ కేంద్రాల్లో సాయంత్రం పిల్లల్ని తీసుకెళ్లడానికి కొందరు ఆలస్యంగా వచ్చేవారు. ఉరీ గ్నీజీ, ఆల్డో రుస్టికీనీ అనే ఆర్థికవేత్తలు 10 కేంద్రాలు ఎంచుకుని, వాటిలో ఆరింట ఆలస్యానికి జరిమానా పెట్టించారు. ఖరీదు పెరిగితే గిరాకీ తగ్గాలి. ఇది చిన్నపిల్లలకైనా తెలుసు. ఆ పిల్లల తల్లిదండ్రులకే తెలియలేదు. ఆలస్యాలు దాదాపు రెట్టింపయ్యాయి.

జరిగిందేమిటంటే, అంతకుముందు టీచర్ మొహం చూడాలంటే సిగ్గేసి పరుగెత్తుకొచ్చేవాళ్లు. ఇప్పుడు 10 షెకెళ్లు పారేస్తే ఆ సిగ్గు తీరిపోతోంది. ఇంకాసేపు కూర్చుని కాఫీ తాగొచ్చు. ఇది చూసి కొన్ని వారాల తర్వాత జరిమానా ఎత్తేశారు. ఆలస్యాలు మాత్రం తగ్గలేదు. ఇన్నాళ్లూ జీతం బత్తెం లేకుండా కాపలా కాసిన సిగ్గును ఒకసారి బయటికి గెంటేశాక, మళ్లీ పిలిస్తే రావడానికి దానికేం పట్టింది? అయినా నేను జరిమానా పక్షమే. సిగ్గు వల్ల జరిగే పనికి రసీదు ఉండదు, జరిమానాకు ఉంటుంది. ఆడిట్‌లో నిలబడేది రసీదే.

ఇంకో ఫిర్యాదు ఒక ఆట గురించి. కొంత డబ్బు ఒకరి చేతికిచ్చి రెండో మనిషితో పంచుకోమంటారు. రెండో మనిషి సరే అంటే ఇద్దరికీ దక్కుతుంది, వద్దంటే ఇద్దరికీ సున్నా. పాఠ్యపుస్తకం ప్రకారం ఒక్క నాణెం ఇచ్చినా కళ్లకద్దుకుని తీసుకోవాలి, ఎందుకంటే సున్నా కంటే ఒకటి ఎక్కువ. 1982లో జర్మనీలో మొదటిసారి ఆడించినప్పటి నుంచీ జనం ఈ లెక్క తప్పుతూనే ఉన్నారు. మరీ తక్కువిస్తే కోపమొచ్చి, సొంత నష్టానికి కూడా సిద్ధపడి వద్దంటున్నారు. తర్వాత మానవ శాస్త్రవేత్త జోసెఫ్ హెన్రిక్ బృందం ఈ ఆటను 15 చిన్న సమాజాల్లో ఆడించింది. ఇండోనేషియాలో పడవల మీద బృందాలుగా తిమింగలాల వేటకెళ్లే లమలేరా వాళ్లు సగటున సగానికి పైనే పంచారు. పపువా న్యూగినీలోని ఔ, నౌ తెగల్లోనైతే సగం కంటే ఎక్కువ ఇస్తామన్నా వద్దన్నవాళ్లున్నారు! అడగని పెద్ద కానుక పుచ్చుకుంటే ఇచ్చినవాడికి రుణపడి, లోబడి ఉండాల్సి వస్తుందట. ఉచితాల మీద ఎన్నికల సభల్లో గొంతు చించుకునేవాళ్లు ఒక్కసారి అక్కడికి వెళ్లి రావాలి. ఇంకా చిత్రమేమిటంటే, మార్కెట్‌తో సంబంధం ఎక్కువున్న సమాజాల్లోనే సాధారణంగా ఎక్కువ పంచారు. మార్కెట్ మనిషిని చెడగొడుతుందనేవాళ్లకూ ఇబ్బందే, స్వార్థమే మార్కెట్‌కు పునాది అనేవాళ్లకూ ఇబ్బందే.

స్విట్జర్లాండ్‌లోని టోర్బెల్ గ్రామస్తుల అపరాధం ఇంకా పాతది. ఉమ్మడి పచ్చిక బయలు ఎవరికి వాళ్లు మేపుకుని నాశనం చేస్తారని 1968లో గారెట్ హార్డిన్ అనే అమెరికన్ శాస్త్రవేత్త తేల్చిచెప్పాడు. టోర్బెల్ వాళ్లు మాత్రం చలికాలంలో ఇంటి దగ్గర ఎన్ని ఆవుల్ని సాకగలరో అంతకు మించి కొండ మీదికి తోలకూడదని 1517లోనే రాసుకుని, పచ్చికను పచ్చగానే ఉంచారు. హార్డిన్‌ను చదవకపోవడం వాళ్ల తప్పు. ఇలాంటి తప్పులన్నీ పోగుచేసినందుకు ఎలినార్ ఆస్ట్రోమ్ అనే పరిశోధకురాలికి 2009లో ఆర్థిక శాస్త్ర నోబెల్ ఇచ్చి, ఆ కమిటీ కూడా జనంతో కుమ్మక్కైంది.

విధానాలు రాసేవాళ్లైనా ఆకాశం నుంచి ఊడిపడరు కదా. ఒక్క ఓటుతో ఫలితం మారదు, క్యూలో నిలబడటం దండగ. కాబట్టి మన పెద్దమనిషి పోలింగ్ రోజు ఇల్లు కదలడు. ప్రభుత్వాన్ని ఎన్నుకునేది లెక్క తెలియని ఈ మిగతా జనమే. ఎన్నికైనవాళ్లు దేశాల మధ్య ఒప్పందాలు రాయడానికి పంపే దౌత్యవేత్తల సంగతి న్యూయార్క్ పోలీసులకు బాగా తెలుసు. దౌత్య రక్షణ వల్ల వాళ్లు పార్కింగ్ జరిమానాలు కట్టకపోయినా అప్పట్లో ఎవరూ ఏమీ చేయలేకపోయేవారు. 1997 నుంచి 2002 వరకు లెక్క తీస్తే కట్టని చలాన్లు లక్షన్నర దాటాయని రేమండ్ ఫిస్మన్, ఎడ్వర్డ్ మిగెల్ తేల్చారు. మొత్తమ్మీద చూస్తే, తమ దేశంలో అవినీతి ఎంత ఎక్కువ ఉంటే వాళ్ల చలాన్లు అంత ఎక్కువ. అంటే ప్రతి దౌత్యవేత్తా సూట్‌కేసుతో పాటు తన దేశాన్ని కూడా మోసుకొచ్చాడన్నమాట. 2002 చివర్లో బకాయిలున్న కార్ల దౌత్య నంబర్ ప్లేట్లు పీకేస్తామనగానే దాదాపు అందరికీ పార్కింగ్ చేయడం వచ్చేసింది. ఇక్కడ పాఠ్యపుస్తకమే గెలిచింది, చప్పట్లు కొట్టాల్సిందే.

అయితే స్వీడన్, నార్వేల వాళ్ల కేసు ఇంకా తెగలేదు. ఎవరూ అడగరని తెలిసీ ఆ ఐదేళ్లూ వాళ్ల పేర ఒక్క బకాయి కూడా లేదు. ఇంత మొండితనం ఏ నమూనాలోనూ ఇమడదు. వెంటనే ఒక నిపుణుల కమిటీ వేసి, తప్పుగా ఆపిన ప్రతిసారీ వాళ్లకు ఇంత భత్యం అని ఇచ్చి చూడాలని నా మనవి.